మరకతము: ఒక ఆడుబిడ్డ పేరు

ముత్యాలమ్మ, మాణిక్యమ్మ, రత్నమ్మ, పగడాలమ్మ, నీలమ్మ, మరకతమ్మ. తిరువళ్ళూరు, తిరుత్తణి ప్రాంతములలో స్థిరపడిన తెలుగువారికి ఈ పేర్లు క్రొత్తవి కావు. అవ్వల తరమున ఇవి ఇంటింట వినబడినవి. అమ్మల తరమునకు కొంత తగ్గినవి. నేడు బారసాల పిలుపులలో అరుదైనవి. వీనిలో మరకతము అను పేరునే మేము ఇచ్చట విచారణకు తీసికొనుచున్నాము. దీనిపై రెండు అభియోగములు కలవు. ఇది పాతబడిన పేరని కొందరందురు. ఇది తమిళుల పేరు, మనది కాదని మరికొందరందురు. మొదటిది అభిరుచికి సంబంధించిన మాట. దానికి వాదముతో పనిలేదు. రెండవది చరిత్రకు సంబంధించినది. కనుక దానిని పరీక్షింపవచ్చును, పరీక్షింపవలెను.

పిల్లల పేర్లకు అర్థములు చెప్పు చిన్న పుస్తకములు అంగళ్ళలో కొల్లలుగా దొరకును. వానిలో ఈ పేరునకు ఎదురుగా సామాన్యముగా రెండు ముక్కలే యుండును: పచ్చరాయి, బుధగ్రహ ప్రీతికరము. ఇది రాతికి అర్థము, పేరునకు కాదు. రాయి యెట్టిదో చెప్పినంత మాత్రమున ఆ మాట ఎచ్చటనుండి వచ్చినదో, ఎవరి నోట ఎట్లు మారినదో, కన్నవారు దానిని బిడ్డకు ఏల పెట్టిరో తెలియదు. మంచి బంగారమని చెప్పి ఊరకుండు కంసాలివంటివాడు ఇట్టి అర్థకర్త. నగ ఎవరిది, ఎవరికొరకు చేసినది అను ప్రశ్న అతనికి తోచదు.

మన ప్రాచీనులు ఈ మాటకు ఒక వ్యుత్పత్తి కల్పించిరి. మరకమనగా మారి, జనులను హరించు తెగులు. ఆ మరకమును తరింపజేయునది మరకతము. అమరకోశము దీనికి గారుత్మతమనియు, హరిన్మణియనియు పర్యాయములు చెప్పినది. గారుత్మత శబ్దము వెనుక ఒక కథ కలదు. బలాసురుని దేహభాగములు వేర్వేరు రత్నములైనవని గరుడపురాణమునందలి రత్నపరీక్ష చెప్పును. వాని పిత్తమును వాసుకి కొనిపోవుచుండగా గరుత్మంతుడు అడ్డగించెననియు, అది జారి పడినచోట మరకతము పుట్టెననియు అందలి కథ. కావుననే ఈ రాయి విషమును హరించునని పూర్వులు నమ్మిరి.

ఈ వ్యుత్పత్తి నిలుచునా? శబ్దశాస్త్ర దృష్టితో నిలువదు. పరభాషనుండి వచ్చిన మాటకు సంస్కృత ధాతువును వెదకి తొడిగిన చొక్కాయి యిది. అయినను దీనిని త్రోసివేయుట తగదు. మాట పుట్టుకను ఇది చెప్పలేకపోయినను, మాట వాడినవారి మనస్సును చెప్పుచున్నది. మశూచియు, విషూచియు ఊళ్ళను ఊడ్చివేసిన కాలమున, మారిని దాటించునది అను అర్థము బిడ్డ పేరునందు వినబడిన తల్లికి అది వట్టి అలంకారమై యుండదు. అర్థకర్తలు ఈ రెండింటిని కలిపివేయుటయే మా ఆక్షేపణ. పుట్టుక వేరు, నమ్మిక వేరు. రెండింటికిని వాని వాని గౌరవము కలదు.

ఇక నిజమైన పుట్టుక. అక్కదీయ భాషలో బర్రక్తు అనియు, హీబ్రూలో బారెకెత్ అనియు ఈ జాతి రాతికి పేర్లు కలవు. మెరయుట అను అర్థముగల ధాతువునుండి ఇవి వచ్చినవి. అరబ్బీలో బర్క్ అనగా నేటికిని మెరుపే. గ్రీకుల స్మారగ్దొస్ ఈ సెమిటిక్ మూలమునుండియే వచ్చినదని భాషావేత్తలలో పలువురి అభిప్రాయము. మన మరకత శబ్దము గ్రీకునుండి వచ్చినదా, నేరుగా పశ్చిమాసియానుండి వచ్చినదా అనుటలో మాత్రము వారిలో భేదము కలదు. ఎట్లైనను పడమటినుండి వచ్చినదనుటకు బలమైన ఆధారము కలదు. ప్రాచీన లోకమునకు పచ్చలనిచ్చిన ప్రధానమైన గనులు ఈజిప్టు తూర్పు ఎడారిలో, ఎఱ్ఱసముద్రమునకు చేరువనుండెను. ఆ సముద్రపు రేవులనుండియే రోమను వర్తకుల ఓడలు మిరియములకై మన దక్షిణ తీరములకు వచ్చినవి.

ఇందు గమనింపదగిన విషయమొకటి కలదు. మూలమును బట్టి చూచినచో ఈ మాటలో పచ్చదనము లేదు. మెరుపు మాత్రమే కలదు. రంగు తరువాత చేరినది. అర్థ పుస్తకములు తలక్రిందులు చేసినది ఈ సంగతినే.

అదే మాట పడమట వేరు దారులు పట్టి వేరు స్త్రీలకు పేరైనది. పారసీకులును, అరబ్బులును జుముర్రుద్ అనిరి. వేయిన్నొక్క రాత్రుల కథలలో అలీషారు ప్రియురాలైన జుముర్రుద్ పురుషవేషమున ఒక నగరమునకు రాజై కూర్చుండినది. స్పానిషులో అది ఎస్మెరాల్డా. విక్టర్ హ్యూగో 1831లో ప్రకటించిన పారిస్ నోత్రదామ్ నవలలో నాయిక పేరు అదియే. ఆమె మెడలోని తాయెత్తు సంచికి పచ్చను పోలిన గాజుపూస యుండుటచే ఆ పేరు వచ్చెనని గ్రంథకర్త చెప్పించెను. ఇట్లు వేయిన్నొక్క రాత్రుల కథలోని రాజవేషధారిణియు, పారిసు నవలలోని నాట్యకత్తెయు, తిరుత్తణి వీధిలోని మరకతమ్మయు పేరు చేత అక్కచెల్లెండ్రు. ఈ పేరు నాటుదనమని సిగ్గుపడి, ఎస్మెరాల్డా వంటిది నాగరికమని మెచ్చువారు తాము మెచ్చినది తమ యింటి మాటయేయని ఎఱుగరు.

అప్పు ఒకవైపు మాత్రమే జరుగలేదు. పాళీ, ప్రాకృతములలోని వేళురియ శబ్దము గ్రీకులో బేరుల్లొస్ అయి, ఆంగ్లమున బెరిల్ అయినది. ఆ శబ్దము దక్షిణాదిదేయని, ద్రావిడమూలకమని పలువురు పండితుల మతము. కొంగునాటి పడియూరు బెరిల్ రాళ్ళు పూర్వము పేరెన్నిక గన్నవి. క్రీస్తుశకము మొదటి శతాబ్దమున రోమను గ్రంథకర్త ప్లినీ, బెరిల్ రాళ్ళు భారతదేశమున పుట్టుననియు, వాని స్వభావము మరకత స్వభావమును పోలినదనియు వ్రాసెను. అతని ఊహ నిజమని 1798లో ఫ్రెంచి రసాయన శాస్త్రజ్ఞుడు వోక్లా నిరూపించెను. రెండింటియందు ఒకే క్రొత్త మూలకమును, అనగా బెరిలియమును, అతడు కనుగొనెను. మరకతమనగా క్రోమియమో వెనేడియమో చేరి పచ్చనైన బెరిల్. రాయి ఒక్కటే. ఒక పేరు పడమటినుండి మనకు వచ్చినది; ఒక పేరు మననుండి పడమటికి పోయినది. మాటలకు పొలిమేర రాళ్ళు పాతుట ఎంత వ్యర్థమో దీనికంటె చక్కగా చెప్పు ఉదాహరణము మాకు తోచుట లేదు.

తమిళుల పేరను అభియోగమునకు ఇప్పుడు వత్తము. ఈ ప్రాంతమున తమిళుల ఇండ్లలో మరగదం అను పేరు చిరపరిచితము. తిరువళ్ళూరునుండి మొదటి లోక్‌సభకు ఎన్నికైన శ్రీమతి మరగదం చంద్రశేఖర్ పేరు పెద్దలకు గుర్తుండును. ఆమె 1917లో జన్మించి 2001లో దివంగతురాలయ్యెను. తరువాతి కాలమున మాయూరము, శ్రీపెరుంబుదూరుల నుండియు లోక్‌సభకు ఎన్నికయ్యెను. కాంచీపుర సమీపమున తిరుప్పుట్కుళి విజయరాఘవస్వామి దేవేరి మరకతవల్లి తాయారు. తిరువళ్ళూరు జిల్లాలోని సిరువాపురి మురుగన్ ఆలయమున మరకత మయూరము ప్రసిద్ధము. నటరాజు పంచసభలలో రత్నసభ తిరువాలంగాడు. అది తిరుత్తణి తాలూకాలోనిదే. తిరుత్తణి సుబ్రహ్మణ్యుని సన్నిధిలో తొలి కృతిని పాడెనని సంప్రదాయము చెప్పు ముత్తుస్వామి దీక్షితులు కాంభోజి రాగమున మరకతవల్లీం అను కృతిని రచించిరి. ఆయన పేరులోని ముత్తు సహితము ముత్యమే. ఇట్టి నేలపై ఈ పేరు పుట్టలేదు కాని, వేరూనినది. ఆ నేలపై మనమును ఉన్నాము.

ఉచ్చారణ భేదమే ఈ అపోహకు మూలము. తమిళ లిపిలో క, గలకు ఒకే అక్షరము. త, దలకు ఒకే అక్షరము. అచ్చుల నడుమ అవి గ, దలుగా పలుకును. కనుక వారిది మరగదం, మనది మరకతం. అయితే అచ్చుల నడుమ కకారము గకారమగుట ప్రాకృతముల నాటినుండియు ఉన్న మార్పే. వారి నోట ప్రాకృతపు గాలియు, మన వ్రాతలో సంస్కృతపు రూపమును నిలిచినవి. నగరి, పుత్తూరుల బంధువు ఒక తీరుగను, తిరుత్తణి బిడ్డ మరొక తీరుగను తమ పేరును ఆంగ్లమున వ్రాసికొందురు. ఒకటి తప్పు, ఒకటి ఒప్పు అనుటకు వీలులేదు.

అయినను ఈ పేరు మన నోట నిజముగా తెలుగైనదని చూపు ఒక గుర్తు కలదు, అది వ్యాకరణమునందున్నది. తమిళమున స్త్రీకి ప్రత్యేక క్రియారూపము కలదు. రాయి వచ్చినప్పుడు వందదు, ఆడుపిల్ల వచ్చినప్పుడు వందాళ్ అందురు. తెలుగున ఏకవచనమున ఆ భేదము లేదు. మరకతము వచ్చినది అన్నచో మణి వచ్చినదో, బిడ్డ వచ్చినదో ఆ వాక్యమే చెప్పదు. రత్నము, మాణిక్యము, కనకము వంటి మాటలు ఏ మార్పును లేకయే మన ఆడువారికి పేర్లగుటకు మన భాష ఈ విధముగా వాకిలి తెరచి యుంచినది. భేదము చూపవలసినచోట మనము అమ్మను చేర్చితిమి. మరకతమ్మ అనినప్పుడు రాయి మాయమై మనిషి మిగులును. ఈ అమ్మ శబ్దము అలంకారముగా తగిలించినది కాదు. పడమటి మాట, ప్రాకృతపు మార్గము, తెలుగు ముద్ర.

అచ్చ తెలుగు కావలెనన్నచో పచ్చ అను మాట ఉన్నదికదా యని అడుగవచ్చును. తెలుగున పచ్చ రెండు రంగులకు చెల్లును: ఆకుపచ్చ, పసుపుపచ్చ. తమిళమున పచ్చై ఆకు రంగునకే చెల్లును; కనుకనే వారికి పచ్చైయమ్మన్ దేవతయైనది, పచ్చైయప్పన్ పురుషనామమైనది. మనకు పచ్చ యనగా ఒకప్పుడు పండిన చేను, ఒకప్పుడు కామెర్ల రోగి కన్ను. కాపురము పచ్చగా ఉండవలెనని దీవింతుము గాని, బిడ్డను పచ్చ యని పిలుచుటకు మనసొప్పదు. నగలో నున్నప్పుడు పచ్చ, మనిషిలో నున్నప్పుడు మరకతము. రామదాసు చేయించిన పచ్చల పతకమును తలచు నోటికే ఆడుబిడ్డ పేరునకు వేరు మాట కావలసివచ్చినది. ఈ పంపకము భాష చేసికొన్నది. దానిని మన్నించుటయే ఉచితము.

ఇంత విచారణ ఏల యని తోచవచ్చును. 1959 నాటి సరిహద్దుల మార్పు చట్టము ననుసరించి 1960 ఏప్రిల్ 1న తిరుత్తణి ప్రాంతము చిత్తూరు జిల్లానుండి విడివడి మదరాసు రాష్ట్రమున చేరినది. సత్యవేడు ప్రాంతము ఆంధ్రమున చేరినది. నాడు ఇండ్లు కదలలేదు, గీత కదలినది. తమిళమును పాఠశాలలలో తరగతి వెంట తరగతిగా నిర్బంధము చేసిన 2006 నాటి చట్టము తరువాత, ఇంట తెలుగు మాటలాడి బడిలో తెలుగు అక్షరమెఱుగని బిడ్డలు పెరిగిరి. ఉన్న రాష్ట్రపు భాషను నేర్చుట న్యాయమే. అది మన అన్నము పెట్టు భాష, ఇరుగుపొరుగు భాష. కాని తమది విడిచి నేర్చుట అవసరము కాదు. ఈ స్థితిలో కొన్ని కుటుంబములు భయపడి, తమిళ వాసన యున్నదని తోచిన పేర్లనెల్ల వదలుకొనుచున్నవి. దాని బదులు పెట్టునది తెలుగు పేరా అనిన, అదియు కాదు. ఏ భాషకును చెందని, అర్థము చెప్పజాలని రెండక్షరముల చప్పుడు. అవ్వ పేరును పోగొట్టుకొని భాషను కాపాడితిమనుకొనుట ఇంటి దూలమును అమ్మి తలుపు కొన్నట్లు.

మా తీర్పు ఇది. మరకతము ఎవరి సొత్తును కాదు. కనుక మన సొత్తును అగును. అది తమిళమున నిలిచినంత మాత్రమున తెలుగునకు పరాయిది కాలేదు. పేరు మార్చుటలో భాష రక్షణ లేదు, వ్రాయుటలో ఉన్నది. బారసాలనాడు పళ్ళెములోని బియ్యముపై ఉంగరముతో తండ్రి బిడ్డ పేరు వ్రాయును. మన యిండ్లలో పలువురు బిడ్డలకు తమ పేరు తెలుగు అక్షరములలో వ్రాయబడుట అదియే మొదలు, అదియే తుది యగుచున్నది. ఆ బియ్యము వండుకొని తిందుము. అక్షరములు కూడ దానితోనే పోవును. ఏ పేరు పెట్టినను, ఆ బిడ్డకు అయిదేండ్లు నిండునాటికి తన పేరును తమిళమునను, తెలుగునను రెండింట వ్రాయగలుగునట్లు ఇంటివారు పూనుకొనవలెను. మ, ర, క, త: గుణింతము లేని నాలుగు హల్లులు, వాని వెనుక ఒక మువు. అక్షరాభ్యాసమునకు ఇంతకంటె సులభమైన పేరు వెదకినను దొరకదు.