కాలమునకు పటము గీచిన యాత్రికుడు

కకుద్మి యను రాజు తన కూతురగు రేవతికి తగిన వరుని దెలిసికొనుటకై బ్రహ్మలోకమునకు బోయి, అచ్చటి గానము ముగియువఱకు క్షణకాలము నిలిచెననియు, ఇంతలో భూలోకమున నిరువదియేడు మహాయుగములు గడచెననియు భాగవత నవమస్కంధము చెప్పుచున్నది. కావున కాలమును దాటిపోవుట మనకు క్రొత్త యూహ కాదు. అయితే కకుద్మి కాలమును దాటెనే గాని చూడలేదు. నడుమ గడచినదేమో యాత డెఱుగడు. కాలమును కొలుచుచు, గుర్తులు వేసికొనుచు, తన తప్పులను తానే దిద్దుకొనుచు ప్రయాణింపవలెనను కోరిక వేఱు. ఆ కోరికనుండి పుట్టినది హెచ్. జి. వెల్సు 1895లో ప్రకటించిన 'ది టైమ్ మెషీన్' అను చిన్న నవల.

ఇందలి యాత్రికునకు పేరు లేదు. లండను చెంతనున్న రిచ్మండులో, తన ప్రయోగశాలలోనే యంత్రము నిర్మించి దానిపై నెక్కి భవిష్యత్తునకు బోవును. దినములను, వేల దినములను, పదిలక్షల దినములను, అంతకు మించిన వానిని వేర్వేఱుగ జూపు పలకలు దానికి గలవు. ఆతడు నిలిచిన సంవత్సరము 8,02,701. కాలము మాఱెను గాని చోటు మాఱలేదు. అది థేమ్సు లోయయే. తిరిగి వచ్చిన యంత్రము గదిలో నొక మూలనుండి వేఱొక మూలకు జరిగియుండెను. భవిష్యత్తులో దానిని పచ్చికనుండి పీఠములోనికి మోసికొనిపోయిన దూరమెంతయో గదిలో జరిగిన దూరమును సరిగా నంతయే. కాలము నాలుగవ పరిమాణమని మొదటి ప్రకరణమున జేసిన తర్కమంతయు నన్ను నమ్మింపలేదు గాని, ఈ చిన్న కొలత నమ్మించినది.

ఈ గ్రంథమునకు గల శాస్త్రీయత యంత్రములో లేదు, యాత్రికుని బుద్ధిలో నున్నది. సుకుమారులై, పండ్లు దినుచు ఆటలాడుకొను ఎలోయీలను జూచి, సర్వసమత్వము వలన మానవజాతి మెత్తబడెనని మొదట తలచును. పిమ్మట నేల క్రింది చీకటిలో యంత్రములు నడపు మోర్లాకులను జూచి, ధనికులును శ్రామికులును రెండు జాతులుగ విడిపోయిరని సవరించుకొనును. క్రిందివారు మీదివారిని పశువులవలె మేపి తినుచున్నారని తెలిసినప్పుడు ఆ సిద్ధాంతమును తలక్రిందగును. ఇదియు పొరపాటు కావచ్చునని తానే చెప్పును. ఒకసారి పలికిన మాటను మార్చుకొనుట మాకు, అనగా ఉపాధ్యాయులకు, ఎంత కష్టమో యెఱిగినవాడనగుటచే ఈ గుణమును మిక్కిలి మెచ్చుకొందును.

వెల్సు తల్లి ససెక్సులోని అప్‌పార్కు అను జమీందారీ భవనమున గృహనిర్వాహకురాలు. అచ్చట పనివారు నేలక్రింది గదులలో మసలుచు, సొరంగముల గుండ వచ్చుచు బోవుచు నుండెడివారు. కుమారు డది కన్నులార జూచినవాడు. మన యిండ్లలో సొరంగములు లేవు, దొడ్డితలుపు కలదు.

ఇంత చూచిన రచయిత తన యాత్రికుని చేత ఒక పని మాత్రము చేయింపలేదు. ఎలోయీల భాష నాతడు కొంత నేర్చెను. మోర్లాకులను చీకటిలో నొక్కసారి పిలిచి చూచి, వారి భాష వేఱని తలచి విడిచెను. ఎలోయీలు మానవరూపమును నిలుపుకొన్నవారు గనుక జాలి వారిమీదనే నిలిచెను. మోర్లాకులను చంపవలెనని ఉబలాటపడితినని తానే యొప్పుకొనును. అయినను యంత్రము మరల చేతికి దొరకినప్పుడు ఎట్లుండెను? శుభ్రముగ తుడిచి, నూనె పూసి యుండెను. విప్పి చూచిరేమో యనియు నాతనికి సందేహము. ఆ యుగమంతటిలో ఆ యంత్రము నక్కఱతో పరిశీలించినవారు వారొక్కరే. ఎలోయీలలో నొక్కడైనను దాని సంగతి పట్టించుకొనలేదు. ఈ మాటను వెల్సు ఒక వాక్యములో చెప్పి దాటిపోవును. నవలలో నాకు మిక్కిలి వెలితిగ దోచినది ఇచ్చటనే. కాలమునకు గీచిన పటములో సగము నలుపు పూసి, అచ్చట రాక్షసులున్నారని వ్రాసి విడిచినట్లున్నది.

స్త్రీల మాటయు నట్లే. వీనా యను ఎలోయీ యువతి పసిపిల్లవలె వెంటబడి తిరిగి, పూవులిచ్చి, అడవిమంటలలో కనబడకపోవును. మన రేవతి మాత్రము ఏమి పలికినది? యాత్రకు బయలుదేరునప్పుడు వాచెట్ అను గృహనిర్వాహకురాలు గదిలో నడచిపోవుట బాణపు వేగముగ కనబడును. తిరిగి వచ్చునప్పు డదే నడక వెనుకకు కనబడును. కాలవేగమును తెలుపుట కామె నడక పనికివచ్చినది. పనికివచ్చిన దని యామెకు దెలియదు.

చివర యాత్రికుడు ఒక చంకలో చిన్న కెమెరా, వేఱొక చంకలో సంచి పెట్టుకొని రెండవమారు పోవును. మొదటిమారు కెమెరా తేలేదని, అగ్గిపుల్లలు చాలలేదని విచారించినవాడు గదా! మూడేండ్లు గడచినను రాలేదని కథకుడు చెప్పుచున్నాడు.