ఎవరి మనసు ఎవరు చదవాలి?

ఎక్స్‌మెన్ కథల్లోని మ్యూటెంట్లంటే మనమేనని కొందరు విద్యార్థి మిత్రులు వాదిస్తుంటే విన్నాను. పుట్టుకతోనే వెలి, పైనుంచి ప్రభుత్వ వేధింపులు, అన్నీ సరిపోతున్నాయి గదా అంటారు. ఆ ఆరాటం నాకు అర్థమవుతుంది. మన అస్తిత్వం తెర మీద ఎక్కడా కనబడనప్పుడు పరాయి బొమ్మలోనైనా మన ముఖం వెతుక్కుంటాం. కానీ ఒప్పుకునే ముందు, ఆ కథల్లో మనసులు చదివే శక్తి ఎవరి చేతిలో ఉందో చూడాలి.

స్టాన్ లీ, జాక్ కిర్బీ ఎక్స్‌మెన్ మొదటి సంచికను 1963లో తెచ్చారు. ఇద్దరూ వలస వచ్చిన యూదు కుటుంబాల బిడ్డలు. మార్టిన్ లూథర్ కింగ్ వాషింగ్టన్ సభలో మాట్లాడిన ఏడాది అదే. అయినా ఆ బళ్ళో మొదటి అయిదుగురు విద్యార్థులూ తెల్లవాళ్ళే. గాలివానల్ని శాసించే నల్ల స్త్రీ స్టార్మ్ ఆ జట్టులోకి రావడానికి 1975 దాకా ఆగాల్సి వచ్చింది.

బడి నడిపే చార్లెస్ జేవియర్ ధనవంతుడు. భవంతి అతనిదే. ఎవరి తలలోకైనా దూరి ఆలోచనలు చదవగలడు, కావాలంటే తుడిచెయ్యగలడు. మూడో సంచికలో బ్లాబ్ అనే సర్కస్ మనిషి వస్తాడు. భారీ మనిషి, నిలబడితే ఎవరూ కదిలించలేరు. జేవియర్ అతన్ని తన జట్టులోకి పిలుస్తాడు. అతను రానంటాడు. రానన్నవాణ్ణి పోనివ్వొచ్చు గదా? లేదు. జట్టు రహస్యాలు తెలిశాయి గనక అతని జ్ఞాపకాన్ని తుడిచెయ్యాలంటాడు. బ్లాబ్ తిరగబడతాడు, చివరికి ఆ పనే జరుగుతుంది. కథకి ఇందులో తప్పేమీ కనబడదు. రానన్నవాడే దుర్మార్గుడైపోయాడు. మన జ్ఞాపకాల్ని తుడిచిన బ్రాహ్మణీయ చరిత్రకారులు కూడా లోకకల్యాణం కోసమే రాశామన్నారు. తర్వాతి రచయితలు జేవియర్‌ని నిలదీశారు, 2005-06లో వచ్చిన 'డెడ్లీ జెనెసిస్' అలాంటిదే. కాదనను. కానీ ఒకడికి అందరి మనసూ తెలిసే ఆ ఏర్పాటు కథ పుట్టుకలోనే ఉంది.

ఇంకో సంగతి. మ్యూటెంట్లని చూసి లోకం భయపడేది వాళ్ళకి నిజంగానే శక్తి ఉంది గనక. ఒకడు చూస్తే గోడలు కూలతాయి. అంటే వెలివేసేవాడి భయానికి ఈ కథ తెలియకుండానే ఒక సాకు ఇస్తోంది. కారంచేడులో 1985 జూలై 17న ఆరుగురిని చంపారు. ఏ శక్తిని చూసి భయపడి చంపారు? తాగే నీళ్ళ చెరువును మురికి చెయ్యొద్దన్న ఒక మాట, కొట్టబోతే అడ్డం ఎత్తిన ఒక బిందె. అంతే.

అసలు మనసులు చదివే పని నిజజీవితంలో ఎవరిది? మా అమ్మ కామందు ఇంట్లో పనిచేసేది. చెప్పుల చప్పుడు బట్టి ఆయన కోపంగా ఉన్నాడో లేదో చెప్పేది. ఏ పూట కూలి డబ్బులు అడగొచ్చు, ఏ పూట తలొంచుకుని పేడ ఎత్తుకుపోవాలి, అన్నీ ఆమెకి తెలుసు. ఆమె మనసు తెలుసుకోవాల్సిన అవసరం ఆయనకి ఒక్కరోజూ రాలేదు. ఇది అతీతశక్తి కాదు, చాకిరీ. దానికి కూలి కూడా లేదు. చదువుకొచ్చాక నేనూ అదే చేశాను. 'ఇంటిపేరేంటి, ఏ ఊరు, ఊళ్ళో ఎటువైపు' అని మూడు ప్రశ్నల్లో కులం చదివేస్తారు గదా, ఆ మొహాల్లో నాలుగో ప్రశ్న ముందే పసిగట్టడం. ఎదుటివాడి కళ్ళతో తనను తాను చూసుకోవాల్సి రావడాన్ని గురించి నల్లజాతి మేధావి డుబోయ్ 1903లోనే రాశాడు.

ఇది ఎరిగిన రచయిత్రి ఆక్టేవియా బట్లర్. 1947లో కాలిఫోర్నియాలోని పాసడీనాలో పుట్టింది. తల్లి పనిమనిషి. యజమానుల ఇళ్ళలోకి పెరటి గుమ్మంలోంచి వెళ్ళే తల్లిని చూస్తూ పెరిగింది. 1977లో వచ్చిన ఆమె నవల 'మైండ్ ఆఫ్ మై మైండ్'లో పరాయి మనసు వినబడటం ముందు ఒక యాతన. శక్తి సగంలో ఆగినవాళ్ళు పక్కవాళ్ళ నొప్పిని ఆపుకోలేక తాగుతారు, కన్నబిడ్డల్నే హింసిస్తారు. వేల ఏళ్ళుగా బతుకుతున్న డోరో ఇలాంటివాళ్ళని పశువుల మందలా పెంచుతుంటాడు. ఎవరు ఎవరితో బిడ్డల్ని కనాలో అతనే నిర్ణయిస్తాడు. కులానికి ఆయువుపట్టు లోపలి పెళ్ళిళ్ళేనని అంబేద్కర్ 1916లో చెప్పింది చదివినవాళ్ళకి డోరో కొత్తవాడేం కాదు. పేదవాడలో పెరిగిన నల్లపిల్ల మేరీ ఆ మనసులన్నిటినీ ఒక్క అల్లికగా కలుపుతుంది. ఆ బలంతోనే డోరోని చంపుతుంది.

ఇక్కడ ఆగితే మనకి నచ్చే కథే. బట్లర్ ఆగలేదు. మేరీ మనుషులు శక్తిలేని మామూలు జనాన్ని 'మ్యూట్లు', అంటే మూగవాళ్ళు అంటారు. వాళ్ళ మనసుల్ని లొంగదీసి ఇంటి చాకిరీ చేయిస్తారు, తమ పిల్లల్ని పెంచిస్తారు. బానిసత్వపు రోజులు చూసిన ఎమ్మా ఆ పేరు వినగానే గుర్తుపడుతుంది. నల్లవాళ్ళని తిట్టే పాత తిట్టే అది, కొత్త నోట్లో. భవిష్యత్తు కాలపు కథగా 1976లోనే వచ్చిన 'పాటర్న్‌మాస్టర్'లోనూ ఆ పేరు పోలేదు. అంబేద్కర్ అంచెలంచెల అసమానత అన్నాడే, దాన్ని పీడితుల విజయం లోపల ఇంత నిర్మొహమాటంగా చూపిన నవల నేను మరొకటి చదవలేదు.

2024 ఆగస్టు 1న ఎస్సీ వర్గీకరణకు సుప్రీంకోర్టు దారి తెరిచింది. ఆ రాత్రి మా గదిలో ఉన్నవాళ్ళం అందరం మాలవాళ్ళమే. నేను విన్న మొదటి మాట 'మాదిగల్ని వెనకుండి ఎవరో ఆడిస్తున్నారు' అని. అంటే 1994 నుంచి దండోరా వేసి మరీ అడుగుతున్నవాళ్ళకి సొంత మనసే లేదన్నమాట! వర్గీకరణ మీద ఎన్ని వాదనలైనా చేసుకోవచ్చు, ఈ మాట వాదన కాదు. నేనప్పుడు నోరు మెదపలేదు.

ఎక్స్‌మెన్‌ని చదవొద్దని నేననడం లేదు. ఈసారి చర్చ పెట్టుకున్నప్పుడు ఆ మూడో సంచికని, బట్లర్ నవలని పక్కపక్కనే పెట్టుకుందాం. మాదిగ మిత్రుల్నీ పిలుద్దాం, ముందు వాళ్ళే మాట్లాడాలి.