పెర్రీ మేసన్ దొరకని వాళ్ళు

ఎర్ల్ స్టాన్లీ గార్డ్‌నర్ అంటే ఎవరని అడిగేవాళ్ళు కూడా పెర్రీ మేసన్ అనగానే "ఓహో, ఆ లాయరా!" అంటారు. హత్యల పుస్తకాలు మనకెందుకులే అని పక్కన పెట్టకండి. 1933లో మొదలైన మేసన్ నవలలు ఎనభై దాటాయి. రాసినాయన నిజంగానే లాయరు. లా కాలేజీ పట్టా లేకుండా, లాయరు ఆఫీసులో పనిచేస్తూనే చదువుకుని, 1911లో కాలిఫోర్నియాలో ప్లీడరీ పరీక్ష ప్యాసయ్యాడు. ఆక్స్‌నార్డ్ అనే చిన్న ఊళ్ళో, ఎవరికీ పట్టని చైనావాళ్ళ కేసులు వాదించాడు.

నవల ఎలా నడుస్తుందో మీకు తెలిసిందే. ఓ ఆడమనిషి ఆఫీసుకొచ్చి సగం నిజం, సగం అబద్ధం చెబుతుంది. మర్నాటికి ఎక్కడో శవం, ఆవిడ మీద కేసు. చివరికి మేసన్ బోనులో సాక్షిని నిలదీసి నిలదీసి అసలు దోషిని బయటికి లాగుతాడు. ఇందులో లాయరు తెలివి ఒకటుంది. చాలా నవలల్లో జరిగేది అసలు విచారణ కాదు, కేసు పైకి పంపడానికి తగిన ఆధారాలున్నాయా అని తేల్చే తొలి విచారణ. దానికి జ్యూరీ అక్కర్లేదు, ఆ తతంగం లేదు కనుక కథ పరిగెడుతుంది. సెక్రటరీలకి నోటితో చెప్పి రాయించేవాడు కాబోలు, సంభాషణలు కత్తుల్లా ఉంటాయి. అయితే నేనూ నవలలు రాసేదాన్నే కనుక చెప్పకుండా ఉండలేను: ఆ పాత్రలకి కాళ్ళెక్కువ, గుండె తక్కువ.

ఒక్క డెల్లా స్ట్రీట్‌ని మినహాయిస్తాను. మేసన్ పెళ్ళి మాట ఎత్తితే ఆ సెక్రటరీ కాదంటుంది. పెళ్ళయితే ఇంట్లో కూర్చోబెడతాడు, తనకిష్టమైన పని పోతుందని! ఆ రోజుల్లో మగవాడు రాసిన నవలలో ఈ జవాబు రావడం చిన్న సంగతేం కాదు.

ఇక రెండో గార్డ్‌నర్. 1948లో ఆర్గొసీ అనే పత్రికలో, చెయ్యని నేరానికి జైల్లో మగ్గుతున్నామని మొరపెట్టుకునే వాళ్ళ కేసులు తిరగదోడడం మొదలుపెట్టాడు. దానికి 'ఆఖరి న్యాయస్థానం' అనే అర్థం వచ్చే పేరు పెట్టి, డాక్టర్లనీ డిటెక్టివులనీ కూడగట్టాడు. మొదటి కేసు క్లారెన్స్ బాగీ అనే కలప కూలీది. వాషింగ్టన్ రాష్ట్రంలో యావజ్జీవం పడ్డ అతను చివరికి విడుదలయ్యాడు. ఈ కేసులన్నీ 1952లో పుస్తకమై, ఎడ్గార్ బహుమతి కూడా తెచ్చుకున్నాయి.

ఈ పుస్తకం మేసన్ నవలల పక్కన పెట్టుకుని చదివితే ఒళ్ళు చల్లబడుతుంది. ఇందులో బోనెక్కి భోరుమని నేరం ఒప్పుకునే వాళ్ళెవరూ రారు. పాత ఫైళ్ళూ, మసకబారిన జ్ఞాపకాలే ఉంటాయి. మనిషిని జైలుకి పంపడానికి సాక్షి అబద్ధమాడక్కర్లేదు, నిజాయితీగా పొరబడితే చాలు. నవలలో నిర్దోషికి మేసన్ ఎలాగూ దొరుకుతాడన్న ధీమాతో దీపం ఆర్పి పడుకుంటాం. ఆ ధీమా అబద్ధమని అందరికన్నా బాగా తెలిసినవాడు గార్డ్‌నరే. తెలిసీ, 1970లో పోయేదాకా మేసన్‌ని గెలిపిస్తూనే ఉన్నాడు. నాకు అదే కొరత. ఒక్క నవలలోనైనా మేసన్‌ని ఆలస్యంగా రానిచ్చుంటే!

అలాగని ఆ రెండు చేతులూ ఎక్కడా కలవలేదనలేం. తర్వాతి నవలల ముందుమాటల్లో శవపరీక్షల డాక్టర్లని పేరుపేరునా పరిచయం చేశాడు. శవపరీక్ష సరిగా జరక్కపోతే నిర్దోషి బలైపోతాడని ఆయన గోల. ఓ నవలని ఫ్రాన్సెస్ గ్లెస్నర్ లీ అనే ఆవిడకి అంకితమిచ్చాడు. సంపన్నుల బిడ్డే అయినా ఆవిడకి కాలేజీ చదువు దక్కలేదు. పెద్దయ్యాక తన డబ్బుతో హార్వర్డ్‌లో ఆ శాస్త్రానికే ఓ శాఖ పెట్టించింది. అంతటితో ఊరుకోక, పోలీసులకి నేర్పడానికి బొమ్మల గదులు కట్టింది. మన బొమ్మల కొలువే అనుకోండి, కాకపోతే ప్రతి గదిలోనూ ఓ చావు! అడుగుకి అంగుళం చొప్పున గదులు, గుండుసూదులతో అల్లిన మేజోళ్ళు, వంటింట్లో సామాను. ఆత్మహత్యో, హత్యో, ప్రమాదమో ఆ సామాను చూసి పోల్చుకోవాలి. ఆ గదుల్లో చాలామటుకు బాల్టిమోర్‌లో శవపరీక్షల కార్యాలయంలో భద్రంగా ఉన్నాయి.