వేళ్లు ఎవరివి? – సి.కె. ప్రహ్లాద్ వ్యూహచింతన: విమర్శనాత్మక పరిశీలన

వ్యాససంగ్రహం:
నిర్వహణశాస్త్ర ఆచార్యుడిగా, బహుళజాతి సంస్థల సలహాదారుగా, వ్యూహగ్రంథకర్తగా ప్రసిద్ధి పొందిన సి.కె. ప్రహ్లాద్ (1941–2010) ప్రతిపాదించిన రెండు ప్రధాన భావనలు మూలసామర్థ్యం, పిరమిడ్ అడుగుభాగపు సంపద. మొదటి భావననే కొలమానంగా తీసుకొని రెండవదాన్ని పరీక్షించడం ఈ వ్యాసం ఉద్దేశం.

కీలకపదాలు: ప్రహ్లాద్, మూలసామర్థ్యం, పిరమిడ్ అడుగుభాగం, వినియోగదారు, ఉత్పత్తిదారు, సూక్ష్మరుణం.

1. ఉపోద్ఘాతం:
కోయంబత్తూరులో జన్మించిన ప్రహ్లాద్ మద్రాసు లయోలా కళాశాలలో భౌతికశాస్త్రం చదివారు. పంతొమ్మిదేళ్ల వయసులో యూనియన్ కార్బైడ్ వారి బ్యాటరీ కర్మాగారంలో చేరి నాలుగేళ్లు పనిచేశారు. 1966లో అహ్మదాబాదు ఐ.ఐ.ఎం. నుండి పట్టా, 1975లో హార్వర్డ్ నుండి డాక్టరేటు పొందారు. 1977లో అమెరికాలోని మిషిగన్ విశ్వవిద్యాలయంలో అధ్యాపకులయ్యారు. సిద్ధాంతకర్త కావడానికి ముందే ఆయన కర్మాగారాన్ని లోపలినుండి చూశారన్నది గమనించదగిన విషయం. పనిచేసే మనుషుల్లో నిక్షిప్తమైన జ్ఞానమే సంస్థకు బలమన్న ఆయన తొలి సిద్ధాంతానికి ఈ నేపథ్యం తగినదిగా కనిపిస్తుంది.

2. మూలసామర్థ్య భావన:
గ్యారీ హామెల్‌తో కలిసి ప్రహ్లాద్ రాసిన వ్యాసం 1990లో హార్వర్డ్ బిజినెస్ రివ్యూలో వెలువడింది. అందులో సంస్థను వృక్షంతో పోల్చారు. ఆకులు, పూలు, పండ్లు మార్కెట్లో కనిపించే వస్తువులు. కాండం, పెద్ద కొమ్మలు మూల ఉత్పత్తులు. కంటికి కనిపించక చెట్టును నిలబెట్టే వేళ్లు మూలసామర్థ్యం. హోండాకు ఇంజన్ల నిర్మాణ నైపుణ్యం అటువంటి వేరు. కార్లు, మోటారుసైకిళ్లు దాని ఫలాలు. సంస్థను వేరువేరు వ్యాపార విభాగాల మొత్తంగా చూసే నాటి అమెరికన్ దృష్టిని ఈ వ్యాసం ప్రశ్నించింది. అమ్మేదాన్ని బట్టి కాక, సమష్టిగా నేర్చుకొని చేయగలిగేదాన్ని బట్టి సంస్థ బలాన్ని అంచనా కట్టాలన్నది దీని సారాంశం.

3. పిరమిడ్ అడుగుభాగం:
2002లో స్టువర్ట్ హార్ట్‌తో కలిసి రాసిన వ్యాసం ద్వారా, 2004లో వెలువరించిన గ్రంథం ద్వారా ప్రహ్లాద్ ఈ రెండవ భావనను ప్రచారంలోకి తెచ్చారు. పేదలను దయనీయులుగా కాక, విలువ తెలిసిన వినియోగదారులుగా గుర్తించాలని ఆయన వాదించారు. ముంబైలోని ధారావి వాసులు వార్డెన్ రోడ్డు సంపన్నులకంటే నీటికి 37 రెట్లు, బియ్యానికి 1.2 రెట్లు అధికంగా చెల్లిస్తున్నారన్న లెక్క ఆయన వాదానికి ఆధారం. పేదరికమే ఒక అదనపు ఖర్చు అని ఈ పోలిక నిరూపించింది. దానాన్ని కాక గౌరవాన్ని కోరే ఈ దృష్టి ఆయన చింతనలోని ఉదాత్తమైన అంశం.

అయితే ఇక్కడొక జారుడు ఉంది. సంస్థ విషయంలో ఆయన అడిగిన ప్రశ్న “ఏమి చేయగలదు?” అన్నది. పేదల విషయంలో అది ప్రధానంగా “ఏమి కొనగలరు?” అన్నదిగా మారింది. వృక్షోపమానాన్నే అన్వయిస్తే, ఇక్కడ వేళ్లు సంస్థవి. పేదలు ఫలాల కొనుగోలుదారులు. మిషిగన్‌లోనే ఆయన సహాధ్యాపకుడైన అనీల్ కర్నానీ 2007లో ఈ భావనను ఎండమావిగా ఖండిస్తూ, పేదలను ఉత్పత్తిదారులుగా చూడాలని వాదించారు. ఈ ఖండనకు కావలసిన ఆయుధం ప్రహ్లాద్ 1990 నాటి రచనలోనే ఉంది.

ఆయన గ్రంథాన్ని సంపూర్ణంగా ఈ విమర్శకు లోబరచడం న్యాయం కాదు. అందులోని ఉదాహరణలన్నీ ఒక జాతివి కావు. అయోడిన్ ఉప్పు అమ్మకంలో పేదవాడు కొనుగోలుదారు. ఐ.టి.సి. ఇ-చౌపాల్‌లో రైతు ధర తెలుసుకొని బేరమాడగల ఉత్పత్తిదారు. ఈ రెండింటినీ ఒకే శీర్షిక కింద చేర్చడమే గ్రంథంలోని ప్రధాన లోపం.

4. తెలుగునేల సాక్ష్యం:
ప్రహ్లాద్ తన గ్రంథంలో ఆంధ్రప్రదేశ్ ఇ-పరిపాలనను విస్తృతంగా చర్చించారు. బిల్లు చెల్లింపులు, రిజిస్ట్రేషన్ల వంటి సేవలు పారదర్శకంగా, వేగంగా అందితే అవినీతి తగ్గుతుందని, అదే పేదలకు మార్కెట్‌లో ప్రవేశం కల్పిస్తుందని ఆయన భావించారు. హిందుస్తాన్ లీవర్ చేపట్టిన శక్తి పథకం కూడా నల్లగొండ జిల్లాలోనే మొదలైంది. అందులో స్వయంసహాయక సంఘాల మహిళలు పంపిణీదారులై ఆదాయం పొందారు. కానీ సబ్బును తయారుచేసే జ్ఞానం గాని, ధరను నిర్ణయించే అధికారం గాని వారి చేతికి రాలేదు.

ప్రహ్లాద్ 2010 ఏప్రిల్ 16న కన్నుమూశారు. అదే ఏడాది అక్టోబరులో సూక్ష్మరుణ సంస్థల వసూలు పద్ధతులపై తీవ్ర ఆరోపణలు, రుణగ్రస్తుల ఆత్మహత్యల వార్తల నేపథ్యంలో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ఆర్డినెన్సు జారీచేసింది. ఈ సంక్షోభానికి ఆయన సిద్ధాంతాన్ని బాధ్యురాలిని చేయడం తర్కసమ్మతం కాదు. అయినా ఒక పాఠం స్పష్టం. పేదల చెంతకు చేరడం, పేదల శక్తిని పెంచడం ఒకటి కావు. ఆదాయాన్నిచ్చే పని లేనిచోట రుణం కూడా అమ్ముడుపోయే మరో సరుకే.

5. ముగింపు:
2007, 2009 సంవత్సరాల్లో థింకర్స్50 జాబితా ప్రహ్లాద్‌ను ప్రపంచ నిర్వహణ చింతకులలో ప్రథముడిగా పేర్కొంది. ఆ కీర్తికి ఆయన అర్హులే. పేదలను వ్యూహశాస్త్రం పట్టించుకోని రోజుల్లో వారిని చర్చ మధ్యలోకి తెచ్చారు. కానీ సంస్థలకు ఆయన బోధించిన సూత్రాన్ని పేదలకు వర్తింపజేయడం మిగిలిపోయింది. నేతకారుల సహకార సంఘం, పాల సంఘం, రైతు ఉత్పత్తిదారుల సంస్థ వంటివాటి సమష్టి నైపుణ్యాన్ని మూలసామర్థ్య దృష్టితో అధ్యయనం చేయడం పరిశోధకుల ముందున్న పని. అడుగున ఉన్నవారికి ఎంత అమ్మారన్నది కాక, వారి వేళ్లు ఎంత లోతుకు దిగాయన్నది ఆ అధ్యయనానికి గీటురాయి కావాలి.