ముందు చీకటి, తర్వాతే అద్దం

ఆకాశం మీద మనసు పడ్డవాళ్లు మొదట అడిగే ప్రశ్న ‘ఏ టెలిస్కోప్ కొనాలి?’ అని. చంద్రుడి మీది గుంటల కోసమో, శని వలయాల కోసమో అయితే ఆ ప్రశ్నలో తప్పేం లేదు. హైదరాబాద్ నడిబొడ్డున మేడ మీద నిలబడినా శని వలయాలు కనిపిస్తాయి. గెలాక్సీలు, నీహారికలు చూడాలనుకునేవాళ్లు మాత్రం అంతకంటే ముందు ‘ఎక్కడ నిలబడాలి?’ అని అడగాలి. ఆ లెక్కన మంజీర ఒడ్డున ఉన్న బీర్కూర్ లాంటి ఊళ్లకు పట్నం డబ్బుతో కొనలేని ఆస్తి ఒకటుంది. దాన్ని మనం ఆస్తిగా లెక్కలోకే తీసుకోవడం లేదని నా ఫిర్యాదు.

ఆండ్రోమెడా గెలాక్సీనే తీసుకుందాం. కార్తీకంలో రాత్రి తొమ్మిది ప్రాంతంలో అది బీర్కూర్‌కు దాదాపు నడినెత్తి మీద, కాస్త ఉత్తరంగా ఉంటుంది. దాన్నుంచి వచ్చే మొత్తం వెలుగు సప్తర్షుల్లో అన్నిటికన్నా మసకగా ఉండే చుక్క వెలుగుకు ఇంచుమించు సమానం. ఆ చుక్క ఓ మోస్తరు టౌన్‌లో కూడా కనిపిస్తుంది, ఆండ్రోమెడా కనిపించదు. చుక్క వెలుగంతా ఒక్క బిందువులో ఉంటే, గెలాక్సీ వెలుగు ఆరు నిండు చందమామలను పక్కపక్కన పేర్చినంత పొడవున పరుచుకుని ఉండటమే దీనికి కారణం. అంత పల్చటి వెలుగును వీధి దీపాల కాంతితో పాలిపోయిన ఆకాశం ఇట్టే మింగేస్తుంది.

‘పెద్ద అద్దం పెడితే సరిపోదా?’ అంటారు. సరిపోదు. ఎంత పెద్ద టెలిస్కోపైనా నీహారికను మామూలు కంటికి కనిపించేదానికన్నా కాంతివంతంగా చూపలేదు. పెద్దదిగా చూపగలదు, అంతే. నిజాంసాగర్ కాల్వకు నీళ్లు ఎక్కువొస్తే ఎక్కువ ఎకరాలు తడుస్తాయి గానీ మడిలో నీటి లోతు పెరగదు కదా, ఇదీ అలాంటిదే. అద్దం ఎక్కువ వెలుగును పోగుచేస్తుంది, ఆ వెలుగును అంతకంత పెద్ద బొమ్మ మీద పరుస్తుంది. వెనకున్న ఆకాశపు తెల్లదనాన్నీ అదే పాళ్లలో పరుస్తుంది కాబట్టి టౌన్‌లో పోయిన గెలాక్సీ టౌన్‌లో పోయినట్టే. మసక బొమ్మ పెద్దదైతే కన్ను దాన్ని తేలిగ్గా పట్టుకుంటుందన్నది నిజమే, పెద్ద టెలిస్కోప్‌తో ఆ మేలు ఉంది. నక్షత్ర గుచ్ఛాల సంగతి కూడా వేరు. అవి విడివిడి చుక్కలు కాబట్టి అద్దం పెరిగినకొద్దీ ఇంకా విడిపోతాయి. మనం పిల్లలకోడి అని పిలుచుకునే కృత్తికల్లో మామూలు చూపుకు ఆరో ఏడో చుక్కలు దొరికితే, బైనాక్యులర్‌లో పదులకొద్దీ బయటపడతాయి. అన్నట్టు, కార్తీక పున్నమి నాడు చంద్రుడు వచ్చి కృత్తికల పక్కనే నిలబడతాడు. ఏ గుచ్ఛం వల్ల ఆ నెలకు పేరొచ్చిందో దాన్ని చూడటానికి ఆ రాత్రంత పనికిరాని రాత్రి మరొకటి లేదు!

చరిత్ర కూడా ఈ మాటే చెబుతుంది. 964లో ఖగోళవేత్త అల్ సూఫీ ఆండ్రోమెడాను చిన్న మబ్బుగా తన నక్షత్రాల పుస్తకంలోకి ఎక్కించినప్పుడు లోకంలో టెలిస్కోపే లేదు. ఇక మన హైదరాబాద్‌లో నవాబ్ జఫర్ జంగ్ 1901లో ఫిసల్‌బండలో మొదలుపెట్టిన నిజామియా వేధశాల తర్వాత బేగంపేటకు మారి, అంతర్జాతీయ నక్షత్ర పటం పనిలో పాలుపంచుకుంది. 1960ల చివర్లో 48 అంగుళాల అద్దం వచ్చినప్పుడు దాన్ని బేగంపేటలో పెట్టలేదు, ఊరికి దూరంగా జపాల్-రంగాపూర్‌కు తీసుకెళ్లారు. నిజామియాలో పనిచేసిన తండ్రి దగ్గర ఆకాశం నేర్చిన ఖగోళవేత్త వేణు బప్పు తన వేధశాలకు తమిళనాడులో జవ్వాది కొండల్లోని కావలూరును ఎంచుకున్నారు. ఆ తర్వాతి తరం లడఖ్‌లోని హాన్లే దాకా, దాదాపు 4,500 మీటర్ల ఎత్తుకు పోయింది. కోట్ల రూపాయల అద్దాలున్నవాళ్లే చీకటిని వెతుక్కుంటూ అంత దూరం పోతుంటే, మూడు అంగుళాల టెలిస్కోప్ కొని ట్యూబ్‌లైట్ కింద బిగించుకోవడం ఏం తెలివో నాకు అర్థం కాదు.

చీకట్లో నిలబడ్డంత మాత్రాన పని అయిపోదు. కన్ను చీకటికి అలవాటు పడటానికి ఇరవై, ముప్పై నిమిషాలు పడుతుంది. మధ్యలో ఒక్కసారి ఫోన్ తెరిచారంటే లెక్క మళ్లీ మొదటికొస్తుంది. టార్చికి ఎర్ర కాగితం చుట్టుకోవాలి. పంచాంగం తెలిసినవాళ్లకు పూర్వాభాద్ర, ఉత్తరాభాద్ర కలిసి గీసే పెద్ద చదరం పోల్చుకోవడం కష్టం కాదు. అందులో ఉత్తరాభాద్ర పై చుక్క నుంచి ఈశాన్యంగా సాగే వరుసలో మిరాక్ అనే కాంతిగల చుక్క దాకా వెళ్లి, అక్కడ వాయవ్యానికి తిరిగి రెండు మసక చుక్కలు దాటితే ఆండ్రోమెడా ఉంటుంది. నేరుగా దాని మీదే చూపు నిలిపితే మాయమవుతుంది. కాస్త పక్కకు చూస్తూ ఓరచూపుతో గమనించాలి. మసక వెలుగును పట్టే కణాలు కంటి నడిమధ్యన ఉండవు, చుట్టూ ఉంటాయి. అలా చిక్కేది పొడవాటి బూడిదరంగు మరక, ఇరవై అయిదు లక్షల ఏళ్ల కిందట బయల్దేరిన వెలుగు. ఫొటోల్లోని రంగులు అక్కడ వెతికితే నిరాశే మిగులుతుంది. కెమెరా గంటల తరబడి వెలుగును కూడబెడుతుంది, కన్ను కూడబెట్టలేదు.

బీర్కూర్‌కు చీకటి ఒక్కటే కాదు, అక్షాంశం కూడా కలిసొచ్చింది. పారిస్ నుంచి వెతికిన ఖగోళవేత్త మెస్సియే నీహారికలు, గుచ్ఛాల తన ప్రఖ్యాత జాబితాలో ఒమెగా సెంటారీ గుచ్ఛాన్ని చేర్చలేకపోయాడు, అక్కడ అది ఉదయించనే ఉదయించదు. 1677లో హాలీ దాన్ని మసక మరకగా గుర్తించింది సెయింట్ హెలెనా దీవికి వెళ్లి. దాదాపు కోటి నక్షత్రాల ఆ గుచ్ఛం మే నెల రాత్రుల్లో మనకు దక్షిణాన ఇరవై నాలుగు డిగ్రీల ఎత్తుకు వస్తుంది. బైనాక్యులర్ చాలు. ఊరు ఉత్తరాన, వీపు వైపు ఉండేలా నిలబడితే మరీ మంచిది. వానాకాలం నాలుగు నెలలు మబ్బే కదా అంటే, అవును, ఆ నాలుగు నెలలు దాదాపు వదులుకోవాల్సిందే. చలికాలం తెల్లవారుజామున పొలాల మీద మంచు కూడా అడ్డే. అయినా యాసంగి వరి సాగే నెలల్లో ఓరియన్ నీహారిక నుంచి ఒమెగా సెంటారీ దాకా వరసగా వచ్చిపోతాయి.

గట్టి అభ్యంతరం మరొకటుంది. రాత్రిపూట పొలానికి పోయే రైతుకు, బస్సు దిగి నడిచొచ్చే ఆడపిల్లకు వెలుతురు కావాలి, మీ గెలాక్సీల కోసం వీధులు చీకటి చేయమంటారా? అనను. దీపం రోడ్డు మీద వెలగాలి, ఆకాశం మీద కాదు. పైనా పక్కలా మూత ఉన్న దీపం అదే కరెంటుతో రోడ్డుకు ఎక్కువ వెలుగిస్తుంది. కళ్లల్లో కొట్టే తెల్లటి ఎల్‌ఈడీ కింద, ఆ పక్కన నీడలో ఉన్నది పామో తాడో అస్సలు తెలియదు. నీలం పాలు ఎక్కువున్న ఆ తెలుపు గాలిలో ఎక్కువగా చెదిరిపోతుంది కూడా. పసుపు ఛాయ దీపం అయితే అంత చెదరదు. హాన్లేలో 2022లో చీకటి ఆకాశ రక్షిత ప్రాంతం ఏర్పాటు చేసినప్పుడు ఊళ్లను చీకట్లో పెట్టలేదు, దీపాలకు మూతలు, కిటికీలకు తెరలు అడిగారు.

‘ఒక్క ఊరు మూతలు వేసుకుంటే ఏమవుతుంది, టౌన్ల వెలుగు మన దాకా రాదా?’ అనేవాళ్లూ ఉన్నారు. ఆకాశం ఏటా సుమారు 10 శాతం చొప్పున వెలుగెక్కుతోందని 2023లో ఒక అధ్యయనం తేల్చింది. దాని లెక్కలు ఎక్కువగా యూరప్, ఉత్తర అమెరికాలవే, మన దగ్గర ఎంతన్నది వేరే చూడాలి. ఏ దేశంలోనైనా మారనిది ఒకటుంది. ఒక టౌన్ వల్ల ఆకాశానికెక్కే వెలుగు దూరంతో చాలా వేగంగా తగ్గుతుంది. దూరం రెట్టింపైతే అది అయిదారో వంతుకు పడిపోతుంది. కాబట్టి బీర్కూర్ మీది ఆకాశాన్ని నిజామాబాద్ దీపాల కన్నా బీర్కూర్ దీపాలే ఎక్కువగా చెరుపుతాయి. వాటికి మూతలు వేయించడం గ్రామ పంచాయతీ చేతిలో పని. వచ్చేసారి వీధి దీపాలు మార్చేటప్పుడు వాట్లతో పాటు మూత సంగతి, రంగు సంగతి కూడా రాయించుకుంటే చాలు, అదనపు ఖర్చు పెద్దగా ఏమీ ఉండదు.