పులస దాక

గోదారికి ఎర్రనీళ్లు రాగానే సముద్రం నుంచి పులస ఎదురీదుకుంటూ వస్తుంది. కాటన్ దొర 1852లో పూర్తిచేసిన ధవళేశ్వరం ఆనకట్ట దిగువన వలకు చిక్కితే ధర వేలల్లోనే. కొనడానికి డబ్బుంటే చాలు, వండడానికి మాత్రం చెయ్యి తిరిగుండాలి. మట్టిదాకలో చింతపండు పులుసు, బెండకాయలు, పచ్చిమిర్చి; కింద పిడకల సెగ. గరిటె పెట్టారో, ముక్క విరిగిపోతుంది. అందుకే మా వైపు ఆడవాళ్లు గుడ్డతో దాక అంచులు పట్టుకుని ఒక్కసారి గుండ్రంగా తిప్పి వదిలేస్తారు. పులుసు చిక్కబడి నూనె పైకి తేలేదాకా ఎంత ఆలస్యమైనా మంట పెంచరు. దించేముందు కాస్త వెన్న. ఇక ఆ రాత్రి ఎవరూ ముట్టకూడదు! పులుపు ముక్కలోకి దిగేది తెల్లారేసరికే. పొయ్యి మీంచి దించీదించగానే వడ్డించే హోటలు పులస నా నాలుక్కి ఆనదు.