మూడు గీతల పనితనం

4ఈ-బీపీ1 అనేది 118 అమైనో ఆమ్లాల బుల్లి ప్రొటీన్. ఈఐఎఫ్4ఈ అనే మరో ప్రొటీన్‌ను పట్టుకుని కూర్చోవడమే దాని పని. ఆ పట్టు వదలనంతసేపూ ఎంఆర్ఎన్ఏ నుంచి కొత్త ప్రొటీన్ల తయారీ మందగిస్తుంది. కణానికి పోషణ బాగా అందితే ఎంటార్ ఎంజైమ్ దీనికి ఫాస్ఫేట్లు తగిలిస్తుంది, పట్టు సడలుతుంది.

ఇదంతా కంటికి చూపించేది కుందేలులో తయారైన యాంటీబాడీ. గొట్టం అడుగున కొద్ది చుక్కలే ఉంటుంది, ధర మాత్రం తక్కువేం కాదు! ప్రొటీన్లను జెల్‌లో విడదీసి, కరెంటుతో ఒక పొర మీదికి ఎక్కించి, యాంటీబాడీతో వెతికే వెస్టర్న్ బ్లాట్‌లో 15-20 కిలోడాల్టన్ల మధ్య మూడు గీతలు తేలతాయి. ఫాస్ఫేట్లు ఎక్కువ ఉన్నది జెల్‌లో నెమ్మదిగా నడిచి పైన ఆగుతుంది. ఎంటార్‌ను ఆపే టోరిన్ మందు వేస్తే పైగీత వెలిసిపోయి, కిందిది చిక్కబడుతుంది.

యాంటీబాడీ ఎంత గొప్పదైనా చెయ్యి తిరగాలి. ఇంత చిన్న ప్రొటీన్ పొరలో నిలవకుండా అవతలికి జారిపోగలదు. అందుకే 0.2 మైక్రాన్ల రంధ్రాల పొర వాడతారు, కరెంటు ఎంతసేపు పెట్టాలో కనిపెట్టుకుని ఉంటారు. యాంటీబాడీ ఎక్కడపడితే అక్కడ అంటుకోకుండా పొరను కప్పడానికి పాలపొడి చవకే. కానీ పాలలోని కేసిన్‌కూ ఫాస్ఫేట్లుంటాయి కాబట్టి, ఫాస్ఫేట్‌ను వెతికే యాంటీబాడీలకు చాలామంది దాని బదులు బీఎస్ఏ అనే ఆవు రక్తపు ప్రొటీన్ వాడతారు.

నల్లటి గీత చూసి మురిసిపోవడం తేలిక. నన్నడిగితే, 4ఈ-బీపీ1 జన్యువు తీసేసిన కణాల వరసలో ఏ గీతా చూపించని యాంటీబాడీకే మొదటి మార్కు.